నాలుగు ‘ఏటి’లు

మా బ్యాండ్ విడుదల చేసిన పాట ఒక్కటే. దాని పేరు ‘ఏటి’. నాలుగు నిమిషాలకు కాస్త తక్కువ. అందులో అర్థమున్న మాట కూడా ఒక్కటే, అది మా అత్త అన్నది. మిగతావన్నీ మా గాయకుడు రాసుకున్నాడు. వాటిలో ‘శూన్యం’ ఆరుసార్లు, ‘నెత్తురు’ నాలుగుసార్లు, ‘ఆకాశం’ మూడుసార్లు వస్తాయి. క్రియాపదాలు రెండే. శూన్యం ఏం చేసిందో, నెత్తురు ఎవరిదో ఎక్కడా ఉండదు. నేను బేస్ గిటార్ వాయించేవాణ్ని, రికార్డింగ్ చూసుకునేవాణ్ని. ఒకసారి అర్థం అడిగాను. “ఫీల్ అవ్వాలిరా, అడక్కూడదు” అన్నాడు.

ఆ పాట గురించి చాలామంది రాశారు. నది అన్నారు, నేల అన్నారు, అడవి అన్నారు. రాసినవాళ్లకీ పాడినవాడికీ ఏమీ పోలేదు. పోయే పరిస్థితి వచ్చింది మా అత్త ఒక్కదానికే. ఒడిశాలోని రాయగడలో ఒక ప్రైవేటు బడిలో ఆమె ఆయా. పొద్దున్నే బడి వ్యాన్‌లో ముందు సీట్లో కూర్చుని వెళ్లి, వీధివీధినా పిల్లల్ని ఎక్కించుకుని, సాయంత్రం మళ్లీ దించి రోడ్డు దాటించడం ఆమె పని. మా పాట ఆ పనికి ఎసరు పెట్టింది.

మా అమ్మానాన్నలు గుణుపురం దాటాక పద్మపూర్ దగ్గర వ్యవసాయం చేస్తారు. డిప్లొమా చదువు కోసం నన్ను రాయగడలో మా నాన్న చెల్లెలి ఇంట్లో పెట్టారు. చదువు అయిపోయింది, ఒక ఫ్యాక్టరీలో మీటర్లు సరిచూసే ఉద్యోగం దొరికింది, నేను మాత్రం అత్త ఇంట్లోనే ఉండిపోయాను. మావయ్య మంచినీళ్ల పంపు దగ్గర పనిచేస్తాడు, ఇంట్లో కన్నా పంపు దగ్గరే ఎక్కువ ఉంటాడు. కాబట్టి ఇన్నేళ్లుగా రెండు పూటలా అత్త ఎదురుగా కూర్చుని తిన్నది నేనే. ఈ సంగతి గుర్తుపెట్టుకోవాలి, తర్వాత నాకు వ్యతిరేకంగా పనికొస్తుంది.

బ్యాండ్‌లో నలుగురం, నలుగురమూ ఒకే పాలిటెక్నిక్. ఒక వెల్డింగ్ షాపు మేడ మీద గదిలో సాధన చేసేవాళ్లం. కింద ఇనుము కొట్టేవాడికి మా డ్రమ్మర్ కన్నా తాళజ్ఞానం ఎక్కువ. గాయకుడు ఎప్పుడూ నల్ల చొక్కా వేసుకునేవాడు. ఎండాకాలం ఆ రేకుల గదిలో నల్ల చొక్కా వేసుకునే మనిషి తెలివి మీద నాకు అప్పుడే అనుమానం రావలసింది.

పాట సగం అయ్యాక దానికి మట్టి వాసన కావాలన్నాడు. మట్టి వాసన కోసం అతను ఎంచుకున్న చోటు మా అత్త వంటిల్లు. గచ్చు, టైల్స్, గ్యాస్ పొయ్యి, టేబుల్ మీద గ్రైండర్. ఊరినుంచి వచ్చిన మనిషి కదా, నాట్ల పాట ఏదైనా పాడుతుందని అతని ఆశ. ఆదివారం ఉదయం నేను మైకు తీసుకెళ్లి స్టాండ్‌కి బిగించాను. అత్త మాకు వీపు చేసి బియ్యం కడుగుతోంది. గాయకుడు మైకు పక్కన నిలబడి గొంతు సవరించుకున్నాడు.

“అత్తా, మీ ఊరి పాట ఒకటి పాడవా?”

అత్త బియ్యం మీదనుంచి చూపు తిప్పలేదు. “ఏటి?”

“పాట. ఊరి పాట.”

“ఏటి?”

“నాట్లప్పుడు పాడుకుంటారు కదా, అది.”

“ఏటీ?”

“పాటత్తా, పాట!”

“ఏటిరా, ఏటి!”

అని గ్రైండర్‌లో బియ్యం పోసి స్విచ్ వేసింది. అతను ఇంకా అడుగుతూనే ఉన్నాడు, ఆమె ఇంకా ‘ఏటి’ అంటూనే ఉంది. చివరికి విసుగొచ్చి ఇటు తిరిగి, “టీ కావాలంటే టీ అని సెప్పండి, పెడతాను. ఊరికే నోళ్లాడించుకుంటా నిలబడితే నాకేటి తెలుస్తాది?” అంది. మేం నవ్వాం. టీ తాగి వచ్చేశాం.

ప్రతి రికార్డింగ్‌కీ నేను నోటు పుస్తకంలో వరస రాసుకుంటాను. ఆ రోజు ఇలా రాసుకున్నాను: ఒకటి నుంచి నాలుగు వరకు గ్రైండర్ లేదు, శుభ్రం. ఐదు నుంచి పదకొండు వరకు గ్రైండర్ ఉంది, పనికిరావు. కింద నా సంతకం లాంటి గీత కూడా ఉంది.

గాయకుడు ఆ శుభ్రమైన నాలుగింటినీ హెడ్‌ఫోన్స్‌లో విని కళ్లు మూసుకున్నాడు. “ఇదేరా. పాటెందుకు? ఇదే పాట” అన్నాడు. ఆ నాలుగింటినీ కోసి, వరసగా అతికించి, గిటార్ గోల మొదలయ్యే ముందు ఒకసారి, ఆగిపోయాక ఒకసారి, మధ్యలో ఎనిమిదిసార్లు పెట్టాం. పని నాదే. ఒక్కో ‘ఏటి’ని అంచులు కనపడకుండా అతకడానికి నాలుగు రాత్రులు పట్టింది. ఆ గొంతును నేను కొన్ని వందలసార్లు విన్నాను. విన్నాననే అనుకున్నాను.

పాట విడుదలైన వారానికి ఒక తెలుగు వెబ్ పత్రికలో సమీక్ష వచ్చింది. రాసినాయన నగరంలో ఉంటాడు, చాలా పుస్తకాలు చదివాడు. మా వైపు ‘ఏటి’ అంటే ఏమిటి అని. చంటిపిల్లకి కూడా తెలుసు. ఆయనకి తెలిసిన ‘ఏటి’ వేరు: ఏటి ఒడ్డు, ఏటి నీరు, అంటే నది. ఎండిపోతున్న నదిని పూర్తిగా పేరు పెట్టి పిలవలేక, ‘ఏటి’ దగ్గరే గొంతు ఆగిపోయిన ఒక పల్లెతల్లి గోడుగా ఆయన మా పాటను అర్థం చేసుకున్నాడు. ఆ విభక్తి అసంపూర్ణంగా మిగలడం గురించి ఒక పేరా మొత్తం రాశాడు. మా అత్తకి విభక్తులతో ఎప్పుడూ ఇబ్బంది లేదు. ఆమె మొదలుపెట్టిన వాక్యం ఏదీ అసంపూర్ణంగా మిగిలిన చరిత్ర మా ఇంట్లో లేదు.

“సరిదిద్దుదామా?” అన్నాను గాయకుడితో.

“పిచ్చా? అంత లోతుగా రాసేడు. ఒగ్గీ” అన్నాడు.

సాయంత్రానికి పాట కింద వివరణ మారిపోయింది. నాగావళి, వంశధారల కన్నీరు అని పెట్టాడు. మర్నాడు పాట మొదట్లో నీళ్ల చప్పుడు కలపమన్నాడు. ఇంటర్నెట్‌లో దొరికిన చప్పుడు అది. ఎక్కడో చలిదేశంలో జలపాతం, వెనక ఏదో పరాయి పక్షి కూడా అరుస్తోంది. ఆ మాటే చెప్పాను. “నీళ్లు నీళ్లే కదరా” అన్నాడు. కలిపాను. దీన్ని కూడా నా ఖాతాలోనే రాసుకోవాలి.

తర్వాత కోరాపుట్‌లో ఒక కాలేజీ వేడుకకి పిలిచారు. అక్కడ వినేవాళ్లు ఎక్కువమంది ఒడియావాళ్లు. ఒడియాలో ‘ఎఠి’ అంటే ఇక్కడ. మా అత్త గొంతు స్పీకర్లలోంచి రాగానే కుర్రాళ్లు వేలితో నేలను చూపిస్తూ, కాళ్లు నేలకేసి కొడుతూ “ఎఠి! ఎఠి!” అని అరిచారు. పాట అయ్యాక ఒకాయన మైకు తీసుకుని, ఇది నేల మీద హక్కు గురించిన పాట అనీ, ఇక్కడే ఉంటాం, ఇక్కడే చస్తాం అని ఆ ముసలితల్లి చెబుతోందనీ వివరించాడు. నదిని వదిలి నేలకు మారడానికి మా గాయకుడికి ఒక్క నిమిషం కూడా పట్టలేదు. రెండోసారి పాడేటప్పుడు తనూ వేలు నేలకు చూపించాడు. ఆ గొంతు ఎవరిదని అడిగితే, “అడవితల్లిది” అన్నాడు.

మా అత్త అడవిలో కాలుపెట్టింది ఒకే ఒక్కసారి, గుడారి వెళ్లే దారిలో బస్సు చెడిపోయినప్పుడు. ఆ రోజు బస్సు కండక్టర్‌ని ఆమె అన్న మాటలు రికార్డు చేసి ఉంటే నిజంగా రాక్ పాట అయ్యేది. ఆమెకి ముసలితల్లి అనిపించుకునే వయసు కూడా లేదు. నేను వేదిక మీద ఏం చేశానని ఎవరైనా అడగవచ్చు. తల ఊపాను. చేతుల్లో బేస్ ఉంది కాబట్టి చప్పట్లు కొట్టడం కుదరలేదు, అంతే.

బడి వ్యాన్ డ్రైవర్ తెలుగువాడే. పాట అతని ఫోన్‌లోకి వచ్చింది, అక్కడినుంచి పిల్లల నోళ్లలోకి వెళ్లింది. పిల్లలు అత్తని మౌసీ అంటారు, పిన్ని అని. వ్యాన్ ఎక్కుతూనే “మౌసీ, ఏటి! మౌసీ, ఏటి!” అని కేకలు. అత్త పట్టించుకోలేదు. “పిల్లలు నా పాట పాడతన్నారు” అని మురిసిపోయింది కూడా. ఒక పిల్ల ఇంట్లో కూడా అలాగే అంటే, వాళ్లమ్మ ఏమిటని అడిగిందట. మౌసీ ఎప్పుడూ ఇలాగే అంటుంది, మేం ఏం చెప్పినా ఇలాగే అంటుంది అని ఆ పిల్ల చెప్పింది. వాళ్లమ్మ ప్రిన్సిపాల్ దగ్గరికి వెళ్లింది.

ప్రిన్సిపాల్ మేడమ్‌కి తెలుగు రాదు. నది తెలియదు, విభక్తి తెలియదు. ఆమె తన గదిలో కూర్చుని ఫోన్‌లో మా పాట ఒకసారి విని, ఈమెకి చెవులు వినపడటం లేదు అంది. మా పాటకి వచ్చిన ఒకే ఒక సరైన సమీక్ష అది.

సోమవారం ఇంటినుంచి ఎవరినైనా తీసుకుని రమ్మంది. వెనకనుంచి హారన్ కొడితే వినపడని మనిషి చేతికి రోడ్డు మీద పిల్లల్ని అప్పగించలేనని కూడా చెప్పింది.

ఆ సాయంత్రం అత్త కాళ్లు కూడా కడుక్కోకుండా వచ్చి నా ఎదురుగా కూర్చుంది.

“ఒరే అల్లుడా, సోమారం నువ్వు రావాల. ఆ రోజు గ్రైండర్ తిరుగుతంది, అందుకే ఇనపళ్లేదని సెప్పు. నీ మిషన్లో గ్రైండర్ మోత ఉంటాది కదా, అది ఇనిపించు.”

“సరే అత్తా.”

“సరే అంటే కాదు. నువ్వు సదూకున్నోడివి. మిషన్ పట్టుకుని సెప్తే నమ్ముతారు. నాను సెప్తే ఎవులు నమ్ముతారు?”

“చెప్తానన్నాను కదా.”

“నన్నడక్కండా నా గొంతు పట్టుకెల్లి ఊరూరా తిప్పేరు. ఇదొక్కటీ సెయ్యి.”

కంప్యూటర్ తెరిచాను. గ్రైండర్ మోత ఎక్కడ మొదలవుతుందో వెతకనక్కర్లేదు, తెర మీద గోడలా కనిపిస్తుంది. అది ఐదో ‘ఏటి’ ముందు మొదలైంది. మొదటి నాలుగింటికీ ముందు ఏమీ లేదు. కుళాయిలో నీళ్లు కూడా పారడం లేదు. చెయ్యి చాచితే అందే దూరంలో గాయకుడు మామూలు గొంతుతో అడుగుతున్నాడు, స్పష్టంగా, ప్రతి అక్షరమూ. ఆ ప్రశ్నల్ని నేనే కోసి పక్కన పడేశాను. నోటు పుస్తకం తీసి చూశాను. ‘గ్రైండర్ లేదు, శుభ్రం.’ నా రాతే.

మిగతా వరస అప్పుడు తట్టింది. అత్త కుక్కర్ కూతలు చెవితో లెక్కపెట్టదు, ఎదురుగా నిలబడి వెయిట్ ఎగరడం చూస్తూ లెక్కపెడుతుంది. అంత శ్రద్ధ అనుకున్నాను. అన్నం తినేటప్పుడు ఎప్పుడూ నా పక్కన కాకుండా ఎదురుగానే కూర్చుంటుంది. ప్రేమ అనుకున్నాను. ఇంటికి ఎవరొచ్చినా వాళ్లకి సందు ఇవ్వకుండా తనే మాట్లాడుతుంది. అది స్వభావం అనుకున్నాను. రోజూ ఫ్యాక్టరీలో ఏ మీటరు ఎంత తప్పు చూపిస్తోందో కనిపెట్టి జీతం తీసుకునే మనిషిని నేను.

ఆదివారం ఆమెని కూర్చోబెట్టి హెడ్‌ఫోన్స్ పెట్టాను. సన్నవీ లావువీ శబ్దాలు ఒక్కొక్కటే వదులుతాను, వినపడితే చెయ్యెత్తమన్నాను. అన్నిటికీ ఎత్తింది. నాకు ఆనందం వేసింది. తర్వాత ఆమె కళ్లు నా వేలి మీద ఉన్నాయని గమనించి, కీబోర్డుకి అడ్డంగా చేట పెట్టాను. అయినా కాసేపటికోసారి చెయ్యెత్తుతూనే ఉంది. నేను ఏమీ నొక్కకుండా ఊరుకున్నాను. చెయ్యెత్తింది.

“ఇనపడతంది రా. కోయిలలాగ ఉంది.”

“ఏమీ పెట్టలేదత్తా.”

ఈ మాట నా పెదాల మీద చదువుకుంది. హెడ్‌ఫోన్స్ తీసి ఒళ్లో పెట్టుకుంది. వాటి తీగ వేలికి చుట్టుకుంది.

“ఆ బండి ఒగ్గీమంటే నానుండనేన్రా. పొద్దున్న ముందు సీట్లో కూకుంటే ఎంత బాగుంటాది. ఒక్కొక్క పిల్లా నా సెయ్యి పట్టుకుని ఎక్కుతాది” అంది. తీగ విప్పుతూ, “గ్రైండర్ మోత ఉంది కదా నీకాడ?” అని అడిగింది.

ఉంది. ఐదు నుంచి పదకొండు వరకు ఏడున్నాయి. గాయకుడి ప్రశ్న, మోత, ‘ఏటి’. ఎవరు విన్నా మోత వల్లే వినపడలేదనుకుంటారు. ఆ ముక్క ఫోన్‌లోకి ఎక్కించుకున్నాను.

సోమవారం కాస్త ముందే వెళ్లి బడి గేటు దగ్గర నిలబడ్డాను. వ్యాన్ వచ్చింది. అత్త దిగి తలుపు తీసింది. పిల్లలు ఒక్కొక్కరే దిగుతున్నారు. ఎవరూ మౌసీ అని పిలవడం లేదు. చెప్పాల్సిందేదైనా ఉంటే ముందు ఆమె మణికట్టు మీద రెండుసార్లు తడుతున్నారు, ఆమె వంగి మొహంలోకి చూస్తుంది, అప్పుడు చెబుతున్నారు. బూటు లేసు, నీళ్ల సీసా, ఒంటేలు. అన్నిటికీ అదే పద్ధతి. ఎవరు నేర్పారని డ్రైవర్‌ని అడిగాను.

“ఎవులు నేర్పుతారు బాబూ? సిన్నపిల్లలు, ఆల్లే కనిపెట్టేరు. నానూ హారన్ కొట్టను, లైట్లేస్తాను” అన్నాడు. తర్వాత నన్ను ఎగాదిగా చూశాడు. “నీకు తెల్దేటి? ఒకే ఇంట్లో ఉంటావు కదా.”

ప్రిన్సిపాల్ గదిలో అత్త నా పక్కన కాకుండా, నా మొహం కనపడేలా ఎదురు కుర్చీలో కూర్చుంది. నేను ఫోన్ బయటికి తీయలేదు. మేడమ్‌తో ఒడియాలో చెప్పాను: సన్నటి శబ్దాలు ఈమెకి దాదాపు అందడం లేదు, మామూలు మాటలో సగం జారిపోతోంది, కోరాపుట్‌లో డాక్టర్‌కి చూపించి మిషన్ పెట్టిస్తాం, అంతవరకు వేరే పని ఇవ్వండి. మేడమ్ తల ఊపింది. డాక్టర్ కాగితం వచ్చేదాకా వ్యాన్ వద్దు, చిన్న తరగతి గదిలో ఉండమంది. అత్త నా పెదాలు చూస్తూ అంతా గ్రహించింది.

ఇంట్లో అత్త కొన్నాళ్లు నా మొహం చూడలేదు. కంచం పెట్టేది, అటు తిరిగిపోయేది. మొహం చూడకపోతే నా మాట వినక్కర్లేదు కదా. నేను ఎదురుగా వెళ్లి నిలబడితే కళ్లు దించేసేది. ఎనిమిది రోజులు అలా గడిచాయి.

ఆ రోజుల్లోనే పాటలోంచి నాలుగు ‘ఏటి’లూ తీసేశాను. పాస్‌వర్డ్ నా దగ్గరే ఉంది. అవి ఉన్నచోట ఖాళీ వదిలి కొత్తది ఎక్కించి, పాతది తొలగించాను. గాయకుడు వెల్డింగ్ షాపు మెట్ల మీదే పట్టుకున్నాడు.

“నదిని తీసీసేవేట్రా?”

“అది నది కాదురా. మా అత్తకి నువ్వడిగింది వినపళ్లేదు.”

“ఇప్పుడదెందుకు? జనానికి నదే కావాల.”

“జనానికి కావాలంటే వెళ్లి నువ్వే గట్టు మీద నిలబడి అరుచుకో.”

అదే మా బ్యాండ్ చివరి సమావేశం. విన్నవాళ్లు కొందరు, పాట ఆత్మ పోయిందని రాశారు. నగరంలో ఉండే ఆ సమీక్షకుడు మాత్రం మళ్లీ మెచ్చుకున్నాడు. ఇప్పుడు నది పూర్తిగా ఎండిపోయిందనీ, ఆ ఖాళీ ఎంతో సాహసమనీ ఆయన అభిప్రాయం. ఆ పెద్దమనిషికి చెవులు పరీక్ష చేయిస్తే మా అత్త కన్నా బాగా వినపడుతుందని తేలుతుంది, అనుమానం లేదు.

కోరాపుట్ నేనే తీసుకెళ్లాను. రైల్లో సొరంగాలు వచ్చినప్పుడల్లా చీకటిలో నా మొహం కనపడదు కాబట్టి అత్త నా చెయ్యి పట్టుకుంది. అప్పటికీ మాట్లాడలేదు, పట్టుకుంది. డాక్టర్ ఇచ్చిన వినికిడి గీత నేను మామూలుగా చదవగలిగే గీతే. ఎడమ వైపు లావు శబ్దాల దగ్గర నిలబడి, కుడి వైపు సన్నటి శబ్దాల దగ్గర గట్టు తెగినట్టు పడిపోయింది. చెవి వెనక మిషన్ పెట్టి ఆన్ చేయగానే అత్త ఉలిక్కిపడి చుట్టూ చూసింది. “ఎవుల్రా అది?” అంది. ఫ్యాన్.

వ్యాన్‌లో ముందు సీటు మళ్లీ ఇచ్చారు. రోడ్డు దాటించడానికి మాత్రం ఇంకో ఆయాని పెట్టారు. “దానికి సెవులున్నాయి, కళ్లు నేవు. నా పిల్లల్ని ఎలగ దాటిస్తాదో సూస్తన్నాను కదా” అంటుంది అత్త. పిల్లలు ఇప్పటికీ మాట్లాడే ముందు మణికట్టు మీద రెండుసార్లు తడుతున్నారు. అవసరం లేదని ఆమె వాళ్లకి చెప్పలేదు.

మొన్న ఒక సాయంత్రం తనే వచ్చి, “ఏదిరా, నన్నంత గొప్పదాన్ని సేసిన పాట, ఇనిపించు” అంది. కోయని అసలు రికార్డింగ్ పెట్టాను, మొదటినుంచి. గాయకుడు గొంతు సవరించుకున్నాడు. అత్తా, మీ ఊరి పాట ఒకటి పాడవా అన్నాడు. అత్త మిషన్ మీద చెయ్యి పెట్టుకుని ముందుకు వంగింది.

“ఆపు. మళ్లీ పెట్టు.”

పెట్టాను. రెండోసారి పూర్తిగా వింది, నాలుగు ప్రశ్నలూ.

“పాటా? పాట పాడమన్నాడా ఆడు?”

“అవునత్తా.”

“ఓరి మీ మొహాలు మండా. నాకొచ్చు కదరా పాటలు. ఒకటా రెండా? ఎదరకొచ్చి అడిగితే పాడనా? ఈపు ఎనకాల నిలబడి అడిగితే ఏటి ఇనపడతాది?”

“ఇప్పుడు పాడతావా? మైకు తెస్తాను.”

“ఇప్పుడేటి” అని లేచి, నానబెట్టిన బియ్యం గ్రైండర్‌లో పోసింది. స్విచ్ మీద చెయ్యి పెట్టి, చెవి వెనక మిషన్ తీసి నా చేతికిచ్చింది. “ఇది పట్టుకో. ఈ గ్రైండర్ మోత నానిప్పుడు ఇననేను” అంది.